బాగాలేమని చెప్పు

మంగోలియా గడ్డిబయలు. చలి ఇంకా వదలలేదు. గొర్రెల కాపరి దుల్మా గుడారంలో దుల్మా, ఆ లోయ డాక్టరు ఉయాంగా.

“మళ్ళీ అదే మాట! పెద్దమ్మా, ఇప్పటిదాకా ఏమనుకున్నాం మనం?”

“ఏమన్నానే నేను?”

“‘బాగున్నారు’ అన్నావు.”

“అన్నానా?”

“అన్నావు. ఇవాళ సర్వేకి వచ్చే మనిషిలా నేను గుమ్మంలోంచి వచ్చి ‘ఇంట్లో అందరూ బాగున్నారా’ అన్నానో లేదో, ‘బాగున్నారు’ అనేశావు. గొర్రెలు బలిశాయా అంటే బలిశాయన్నావు. సగం మంద చలికి చచ్చిపోయింది. బలిశాయట!”

“గుమ్మంలో నిలబడ్డ మనిషితో మరేమంటారు? వచ్చినవాళ్ళు కూర్చోవాలి, టీ తాగాలి, ఒళ్ళు వెచ్చబడాలి. కష్టాలు ఆ తర్వాత. నువ్వూ ఈ గడ్డ మీద పుట్టినదానివే, నీకు తెలీదూ?”

“నాకు తెలుసు, నీకు తెలుసు. వాళ్ళ కాగితానికి తెలీదు. క్రితంసారి సర్వేకి వచ్చిన కుర్రాడు గుమ్మంలోనే నిలబడి అడిగాడు...”

“బూట్ల మీద మంచు కూడా దులుపుకోలేదు. టీ పోస్తానంటే వద్దన్నాడు. బయట డ్రైవరు ఒకటే హారన్. ఇంకా చాలా గుడారాలు తిరగాలన్నాడు పాపం.”

“కడుపుతో ఉన్నవాళ్ళు బాగున్నారా అన్నాడు, బాగున్నారన్నారు. పిల్లలు? బాగున్నారు. ముసలాళ్ళు? వాళ్ళూ బాగున్నారు. ఇక్కడొక్కచోటే కాదు, మూడు లోయల్లో ఏ గుడారంలో అడిగినా ఇదే జవాబు. చివరికి దేశం మొత్తంలో మనంత ఆరోగ్యవంతులు లేరని తేల్చారు.”

“నవ్వొస్తోందే నాకు.”

“నవ్వు. నాకూ వచ్చింది, మన ఆసుపత్రి బండి తీసుకెళ్ళిపోయేదాకా.”

“అప్పటికే నోమిన్ కాళ్ళు వాచి ఉన్నాయి. ఇదిగో, ఈ మంచం మీదే కూర్చుంది. నా కోడలు బాగుందన్నాను నేను. అదీ బాగున్నానంది. ఇద్దరం నవ్వుకుంటూ చెప్పాం.”

“నిన్ను తప్పు పట్టడానికి అనలేదు పెద్దమ్మా.”

“నువ్వు పట్టక్కర్లేదులే. ఆ బండి ఎందుకు తీసుకెళ్ళారో ఇంకోసారి చెప్పు. నా బుర్రకెక్కలేదు.”

“విదేశాల్లో పెద్దవాళ్ళంతా కూర్చుని ఒక మాట అనుకున్నారు. లోకంలో ఎక్కడ రోగాలు ఎక్కువో, ఎక్కడ తల్లులూ బిడ్డలూ ఎక్కువ పోతున్నారో, డబ్బు ముందు అక్కడికి వెళ్ళాలని.”

“మంచి మాటేగా.”

“చాలా మంచి మాట. అందులో వంక పెట్టడానికేం లేదు. కానీ ఎక్కడ ఎక్కువో వాళ్ళకెలా తెలుస్తుంది? మనుషుల్ని అడగాలి. అడిగితే మనం...”

“బాగున్నామన్నాం.”

“అంతే. బాగాలేమన్నవాళ్ళ దగ్గరికి వెళ్ళింది బండి.”

“పోనీలే, వాళ్ళకీ అవసరమేగా.”

“అయ్యో, నిన్నేమనాలో కూడా తెలీట్లేదు నాకు! వాళ్ళకీ కావాలి, మనకీ కావాలి. మనకి లేదు.”

“మరి నోమిన్ పోయింది కదా? అది రాసుకోలేదా ఎవరూ?”

“మన లెక్కలో లేదు. పక్క గుడారం బయార్ తన లారీలో తీసుకెళ్తుంటే కొండ దాటాకే కదా ప్రాణం పోయింది. అవతలి ఆసుపత్రివాళ్ళు వాళ్ళ లెక్కలో రాసుకున్నారు.”

“అంటే ఇక్కడ అది చావలేదన్నమాట.”

“కాగితం మీద.”

“నీకన్నీ తెలుసుగా. నువ్వే చెప్పు ఆ వచ్చేవాళ్ళకి.”

“చెప్పాను. రాసి పంపాను. ఫోన్లు చేశాను. నా ఉద్యోగం నిలబెట్టుకోడానికి చెప్తున్నాననుకున్నారు. ఇంటివాళ్ళ నోటి నుంచి రావాలట. వాళ్ళు మాట్లాడుతుంటే నేను గుడారంలో ఉండకూడదట కూడా. అందుకే కదా పొద్దున్నుంచీ నీ ప్రాణం తీస్తున్నాను.”

“గాన్‌సుఖ్‌ని చెప్పమందామా? వాడి పెళ్ళాం కదా.”

“నీ కొడుకు నోరు తెరిచి ఎన్నాళ్ళైంది?”

“...నిజమేలే. గుర్రంతో మాట్లాడతాడు. నాతో మాట్లాడడు.”

“సరే, మళ్ళీ మొదలెడదాం. నేను రాజధాని నుంచి వచ్చిన మనిషిని. గుమ్మం దాటాను. అమ్మా, ఇంట్లో అందరూ బాగున్నారా?”

“బా...”

“పెద్దమ్మా!”

“నాలుక దానంతటదే తిరుగుతోందే! అరవయ్యేళ్ళుగా అలవాటైపోయింది.”

“ఇంట్లో అందరూ బాగున్నారా?”

“బాగాలేం.”

“ఏమైంది?”

“మా కోడలు... మా కోడలు...”

“చెప్పు.”

“పాప లేస్తుందేమో, చూసొస్తాను.”

“నిద్రపోతోంది. నువ్వు తప్పించుకోకు.”

“మా కోడలు పోయింది. బిడ్డని కని పోయింది. రక్తం ఆగలేదు. కింద గొర్రెచర్మం పరిచాం, అది తడిసిపోయింది. ఇంకోటి పరిచాం. మావాడు గుర్రమెక్కి నీకోసం వచ్చాడు. నువ్వు అవతలి లోయలో ఉన్నావు.”

“ఉన్నాను. అక్కడి సోలొంగో వాళ్ళ మామకి ఊపిరాడట్లేదంటే వెళ్ళాను.”

“నువ్వూ గుర్రం మీదే రావాలి మరి. బండి లేదుగా. అది నా చెయ్యి పట్టుకుని, ‘అత్తా, బండి వస్తోందా?’ అంది. వస్తోందన్నాను. ‘చప్పుడు వినిపిస్తోంది నాకు’ అన్నాను. ఏ చప్పుడూ లేదు. అది గాలి.”

“ఊఁ, చెప్పు.”

“‘నాకు వినబడట్లేదేం?’ అంది. ‘కాస్త పడుకో, వినబడుతుంది’ అన్నాను. అబద్ధాలు ఆడాను దానితో. ఆఖరి మాటలు కూడా అబద్ధాలే ఆడాను. బయార్ లారీ వచ్చేసరికి దానికి తెలివి లేదు. ఇది చాలా నీ కాగితానికి? ఇంకా చెప్పమంటావా?”

“చాలు పెద్దమ్మా. చాలు. ఇలా రా... ఏడు. ఫరవాలేదు, ఏడు.”

“ఏడిస్తే టీ పొంగిపోతుంది. వదులు.”

“ఇది ఇలాగే చెప్పు. మార్చకు. ఆ సోలొంగో కూడా కడుపుతో ఉంది, గొర్రెలు ఈనే రోజుల్లో నొప్పులొస్తాయి. బిడ్డ అడ్డం తిరిగి ఉంది. బండి లేకపోతే దాన్ని నేను గట్టెక్కించలేను. నేను డాక్టర్ని, నా చేతుల్తో ఏమవుతుందో ఏమవదో నాకు తెలుసు.”

“దాని కోసమేగా ఒప్పుకున్నాను. లేకపోతే ఇంటికొచ్చినవాళ్ళ మొహాన చావు సంగతి చెప్తానా నేను?”

“కుక్క మొరుగుతోంది.”

“వచ్చేశారా? అమ్మో! నా తలగుడ్డ ఏదీ?”

“నెత్తి మీదే ఉంది. గుమ్మంలోనే చెప్పెయ్. టీ దాకా ఆగావంటే నీకు జాలి పుట్టుకొస్తుంది.”

“గుమ్మంలోనే. బాగాలేమని. సరే, సరే. నువ్వు పో.”

ఉయాంగా బయట గాలిలో నిలబడింది. మడమల దాకా ఉన్ని కోటు వేసుకున్న అధికారిణి మిచిద్‌మా ఒక్కతే లోపలికి వచ్చింది.

“నమస్కారం అమ్మా. పశువులు బలంగా ఉన్నాయా? ఇంట్లో అందరూ బాగున్నారా?”

“బాగాలేం.”

“...ఏమన్నారు?”

“బాగాలేం అన్నానమ్మా. గుమ్మంలో అనకూడదు. అయినా అన్నాను. లోపలికొచ్చి కూర్చో, చెప్తాను. ఆ మంచం మీద కూర్చో.”

“ఇన్ని గుడారాలు తిరిగాను, ఈ మాట ఎవరూ అనలేదు. చెప్పండమ్మా. నేను వచ్చిందే దానికి. ఏమైంది?”

“మా కోడలు...”

“ఊఁ, మీ కోడలు? ఒక్క నిమిషం, పొయ్యి సెగకి ఉక్కగా ఉంది, ఈ కోటు తీసేస్తాను. ఆఁ, చెప్పండి. మీ కోడలికి ఏమైంది?”

“...”

“అమ్మా?”

“ఆఁ?”

“కోడలి గురించి చెప్తున్నారు.”

“చెప్తున్నానా? ఆఁ. మా కోడలు... రాజధానికి వెళ్ళింది. కుట్టుపనికి.”

“అంతేనా? నేను భయపడ్డాను! ఆవిడ లేక బెంగ పెట్టుకున్నారా?”

“బెంగే తల్లీ. బెంగే. ఇదిగో టీ. వేడిగా ఉంది, మెల్లిగా తాగు. ఆ దిండు వీపుకి ఆనించుకో. దారంతా కుదిపేసి ఉంటుంది.”

“బాగా కుదిపింది. ఈ పాప?”

“మనవరాలు.”

“ఎంత ముద్దుగా ఉందో! ఒకసారి ఒళ్ళోకి తీసుకోనా? ...అబ్బో, బరువే! తల్లి పోలికా?”

“అచ్చం తల్లే. ఆ బుగ్గలూ అవీ.”

“మరి పాలు?”

“ఆవు పాలు.”

“తల్లి ఎప్పుడొస్తుంది?”

“వస్తుంది. గడ్డి పచ్చబడ్డాక వస్తుంది.”

“ఇంత పాపని వదిలి వెళ్ళిందంటే మీ మీద ఎంత నమ్మకమో ఆవిడకి. అమ్మా, ఇది నా కాగితంలోదే అనుకోండి... పాప పుట్టినప్పుడు ఆవిడకి కష్టమైందా?”

“ఎవరికి?”

“మీ కోడలికి. ఇక్కడ ఆసుపత్రి దగ్గర్లో లేదు కదా. నొప్పులూ, రక్తం పోవడం, అలాంటివేమైనా?”

“లేదు.”

“ఏమీ లేదా?”

“ఏమీ లేదు తల్లీ. తేలిగ్గా అయిపోయింది. పొద్దున నొప్పులొచ్చాయి, టీ కాగేలోపు పాప ఏడుపు వినబడింది. తర్వాత లేచి కూర్చుని సూప్ అడిగింది. ‘ఇంతేనా అత్తా, దీనికా ఇంత భయపడ్డాను’ అని నవ్వింది.”

“నిజంగానా?”

“నిజంగా.”

“నవ్విందా?”

“నవ్వింది.”

“...ఆవిడ చాలా గట్టి మనిషి.”

“అందరూ గట్టివాళ్ళేనమ్మా. ఆ సమయానికి బలం దానంతటదే వస్తుంది.”

“బయట మీ డాక్టరు, ఇక్కడికి బండి చాలా అవసరమని అంటున్నారు. మీరేమంటారు?”

“అవసరమే. ఇయ్యి తల్లీ. నీ చేతిలో ఉంటే ఇయ్యి.”

“దేనికి అవసరమైంది? ఎవరికైనా ప్రాణం మీదికొచ్చిందా? ఒక్కటి చెప్పినా రాసుకుంటాను. ఊరికే కావాలంటే నా పైవాళ్ళు ఒప్పుకోరమ్మా. ఇంకా దూరాన ఉన్నవాళ్ళు చాలామంది అడుగుతున్నారు.”

“మోకాళ్ళ నొప్పులు నాకు.”

“మోకాళ్ళు... సరే, రాసుకుంటాను. ఇంకేమీ లేదా?”

“లేదు. కాస్త ఎండు పెరుగు తీసుకెళ్ళు. నోట్లో పెట్టుకుంటే దారిలో వికారం ఉండదు. లేచేటప్పుడు మంచం పట్టుకుని లే. కోటు గుండీలన్నీ పెట్టుకో, బయట గాలి చెడ్డది.”

“వస్తానమ్మా. మీ కోడలికి నా మాటగా చెప్పండి, నేను అడిగానని.”

“చెప్తాను.”

బండి వెళ్ళిపోయాక ఉయాంగా లోపలికి వచ్చింది.

“చెప్పావా? పెద్దమ్మా, చెప్పావా లేదా? గుమ్మంలో ‘బాగాలేం’ అన్నావు, నా చెవులతో విన్నాను! గెంతులేశాను బయట! తర్వాత ఏమైంది?”

“టీ తాగుతావా?”

“టీ ఏంటి టీ! నోమిన్ గురించి చెప్పావా?”

“చెప్పాను.”

“ఏమని?”

“రాజధానిలో బట్టలు కుడుతోందని.”

“...ఏమిటీ?”

“అరవకు, పాప లేస్తుంది.”

“లేవనీ! లేచి అదే అడుగుతుంది నిన్ను! పొద్దున్నుంచీ నేను... నువ్వు ఏడ్చి మరీ చెప్పావే! సోలొంగో సంగతేంటి? బిడ్డ అడ్డం తిరిగిందని చెప్పాను కదా నీకు? ఇప్పుడు బండి రాదు. తెలుస్తోందా? రాదు! మూడు లోయలకీ రాదు!”

“తెలుసు.”

“తెలిసి కూడా! మర్యాదా? ఇంకా మర్యాదేనా నీకు? నోమిన్‌ని మర్యాదకి పోగొట్టుకున్నది చాలదా?”

“మర్యాద కాదే.”

“మరేమిటి? ఆవిడ నా చెయ్యి పట్టుకుని ఏమందో తెలుసా? ‘పెద్దావిడ మాటలు విన్నాక ధైర్యమొచ్చింది, దారంతా భయపడుతూ వచ్చాను’ అంది. ధైర్యమేమిటి? ఆవిడకి దేనికి ధైర్యం?”

“ఆవిడ కోటు విప్పింది, ఉయాంగా. లోపల ఏడో నెల కడుపు. తొలిచూలు. నోమిన్ మంచం మీద కూర్చుని, నోమిన్ బిడ్డని ఒళ్ళో పెట్టుకుని, కాన్పు కష్టమైందా అని అడిగింది. చెప్పు, నువ్వైతే ఏమనేదానివి?”