దిబ్బలపాలెం బొట్టు

దాలమ్మని ఒకాయమ్మ, రేగాడోళ్ల కోడలు. రేగాడంటే మెట్టూరు, సముద్రమంటే సినిమాలో సూడ్డమే తప్ప ఎరగనోళ్లు. ఈ దాలమ్మేమో రేవు పిల్లంట. తండ్రి సముద్రంలో సేపలేటకెళ్లి తిరిగి రానేదు, ఆ బెంగతో తల్లీ పోనాది, పసిగుడ్డుని మేనత్త నూకాలు సంకనేసుకుని పెంచినాది. నూకాలుకి సొంత పిల్లల్నేరు. ఎండుసేపలు గంపకెత్తుకుని ఊరూరా అమ్ముకుని, ఆ సెయ్యి కడుక్కుని ఈ పిల్లకి ముద్దలు కలిపెట్టీది. పిల్ల మరీ సన్నంగా ఉండీదంట, అంచేత దాలమ్మా గీలమ్మా అని ఎవులూ పిలవరు, "పిచికా, ఓలె పిచికా" అనీవోరు. ఈడొచ్చేక ఏమైందంటే, విశాఖపట్నంలో ఉన్న మేనమామ దిగినాడు. "ఎండుసేపల్లో పెరిగితే దీన్నెవుడు సేసుకుంటాడప్పా" అని తీసుకెళ్లిపోనాడు. అక్కడే సంబంధం సూసి, అక్కడే పెళ్లి సేసీసినాడు. పెళ్లికి నూకాల్ని పిలవనేదు. మామ పిలవనేదు సరే, పిల్లయినా అడగాలా వద్దా, మా అత్తేదీ అని? అడగనేదు. మర్చిపోయి కాదు, సిగ్గు. పెళ్లోరు ముక్కు మూసుకుంటారని. పెంచినోళ్ల వాసన పెళ్లినాడు పనికిరానేదన్నమాట. ఏటే నవ్వుతావు, నవ్వే కథ కాదిది, ఇను.

మరి అత్తారింటికెళ్లేక అత్తగారు సన్యాసమ్మ మంచీ సెడ్డా అడగతాది కదా. "ఏటే అమ్మీ, నీ పుట్టిల్లెలాటిది" అన్నాదంట. దాలమ్మ ఏటన్నాదో తెల్సా? "బంగళా అత్తా. ఒలందు దొరలు కట్టింది. మేడెక్కితే సముద్రమంతా అగుపడతాది" అన్నాది. అబద్ధమందామా అంటే అబద్ధం కాదు. వాళ్ల దిబ్బలపాలెంలో అలాటి బంగళా ఉంది, ఒలందు దొరలు, అదే డచ్చోళ్లు, కట్టిందే. దొరలెల్లిపోనారు, తలుపులెల్లిపోనాయి, పైకప్పెల్లిపోనాది, గోడలు మిగిలేయి. ఆ గోడల మధ్యన గాలి బాగా ఆడతాదని పాలెం ఆడోళ్లు సేపలారబెట్టుకుంటారు, "మా బంగళా" అనే అంటారు. ఈ పిల్ల ఆ గోడలెక్కే ఆడుకున్నాది. అంచేత నిజమే సెప్పినాది, కాకపోతే పైకప్పేసి సెప్పినాది. ఆ సన్యాసమ్మ ఉత్త మంచిదనుకో, ఆ మాట నమ్మి ఊరంతా సెప్పుకున్నాది. "మా కోడలు బంగళా పిల్ల. అయినా సూడండి, నా ఇంట్లో పేడ కళ్లాపి సల్లతాది" అని. దాంతో దాలమ్మ పేరే పోనాది, "బంగళా కోడలు" అయిపోనాది. సెడ్డ అత్తయితే ఏదో రోజు దెబ్బలాటలో నిజం బయటకొచ్చీది. మంచి అత్తకి నిజం సెప్పడం మహా కష్టమమ్మా.

దాలమ్మ పిల్లలు బడికెళ్లే కాలమొచ్చినాది. ఊర్లో సంఘం ఆడోళ్లందరూ ఒక మాటనుకున్నారంట, ఎప్పుడూ పొయ్యీ పొలమూనేనా, ఒక్కరోజు సముద్రం సూసొద్దాం అని. పట్నం నుంచి గైడొచ్చినాడు, సుదర్శనం అని, నల్ల కళ్లద్దాలు, మెళ్లో పట్టీ. "అమ్మా, పొద్దున్న బయలుదేరితే చీకటి పడకముందే ఇంటికొచ్చేస్తారు. భీమిలి బీచి, దొరల సమాధులు, లైటుహౌసు, ఆ తర్వాత ఒలందుకోట" అని సదివినాడు. దాలమ్మ సెవులు రిక్కించుకుని ఇన్నాది. దిబ్బలపాలెం అనలేదు. అమ్మయ్య అనుకున్నాది. ఇక్కడే ఉంది తిరకాసు. ఒలందుకోట, దిబ్బలపాలెం ఒకటే ఊరు! ఒలందుకోటన్నది పుస్తకాల పేరు. ఆ ఊర్లో పుట్టినోళ్లకే ఆ పేరు తెల్దు. తన ఊరి పేరు తను ఎరక్క, బుజాన సంచేసుకుని బస్సెక్కి ముందు సీట్లో కూకున్నాది మా తల్లి.

భీమిల్లో దిగినారు. అబ్బబ్బ, ఆ ఆడోళ్ల సంబరం సూడాలి. సీర కుచ్చిళ్లు ఎగ్గట్టి నీళ్లలో దిగడం, అల రాగానే "ఓలమ్మో" అని ఎనక్కి పరిగెత్తడం. సన్యాసమ్మయితే ఒడ్డునే నిలబడి సముద్రానికి దండమెట్టినాది, దిగమంటే దిగదు. దాలమ్మ సెయ్యట్టుకుని దించినాది. "మడమలు ఇసకలో పాతుకో అత్తా, అల లాగినా పడవు" అన్నాది. సన్యాసమ్మ సిన్నపిల్లలాగ కోడల్ని అంటుకుపోయి నవ్వినాదంట. "ఏదైనా సముద్రం కాడ పుట్టిపెరిగిన పిల్ల పిల్లే" అని అందరికీ సెప్పినాది. దాలమ్మకి మహా గొప్పగా ఉండినాది. సమాధుల కాడికెళ్లేరు, గైడు ఏవో దొరల పేర్లు సెప్తన్నాడు, ఎవులికీ నోరు తిరగదు. దాలమ్మ ఊరుకుందామా? ఊరుకోదు. "మా బంగళాకీ ఇలాటి గోడలే, ఇంకా ఎత్తు" అన్నాది. నోరు ఊరుకుంటే నొసలు ఊరుకోవంటారు, ఈవిడకి రెండూ ఊరుకోవు.

సద్దిమూటలిప్పి తిన్నారు, మళ్లీ బస్సెక్కేరు. బస్సు సరుగుడు తోటల్లోకి తిరిగినాది. కిటికీలోంచి ముందు వాసనొచ్చినాది, ఎండుసేపల వాసన. కంటికి ఊరు అగుపడక ముందే ముక్కుకి ఊరొచ్చేసినాది. ఒలందుకోటంటే తన దిబ్బలపాలెమేనని దాలమ్మకి అప్పుడు తెల్సినాది. ఆడోళ్లందరూ "ఏటిదబ్బా కంపు" అని కొంగులడ్డమెట్టుకున్నారు. అందరికన్నా ముందు అడ్డమెట్టుకున్నది దాలమ్మేనంట. కడుపు నొప్పంటే బస్సులో ఉండిపోవచ్చు కదా అనుకున్నాది, సన్యాసమ్మ ఇనదు. "ఒక్కదాన్నీ ఉంచుతానేటే, నడు" అని సెయ్యట్టుకుని దింపినాది. పొద్దున్న తను అత్తని నీళ్లలోకి దింపినట్టే, ఇప్పుడు అత్త తనని దింపినాది.

గైడు గోడల మధ్య నిలబడి "ఇదేనమ్మా ఒలందు వర్తకుల బంగళా. రెండు వందల ఏళ్ల కిందటిది. ఇప్పుడెవరూ ఉండరు, ఊళ్లో వాళ్లు చేపలు ఆరేసుకుంటారు" అన్నాడు. అందులో ఒకామె ఏళాకోళానికి "ఏమ్మా బంగళా కోడలా, మీ బంగళా ఇలాగే ఉంటాదేటి" అన్నాది. ఏళాకోళానికే, మరేటీ కాదు. దాలమ్మ నవ్వినాది. "ఛీ ఛీ, ఇది దెయ్యాల కొంప" అన్నాది. తను పాకిన గోడ, తను పడి మోకాలు సెక్కుకున్న అరుగు. ఆ మాట నోట్లోంచి ఊడిపడిందో నేదో, ఎనకాల్నుంచి "ఓలె పిచికా!" అని కేకొచ్చినాది.

అందరూ తిరిగి సూసేరు. నూకాలు! పరక సేపల తట్ట దించీసి, ఇసకలో పడతా లెగస్తా పరిగెత్తుకొస్తంది. జుట్టంతా నెరిసిపోనాది, పళ్లు రెండూడేయి, మొహమంతా ఎలిగిపోతంది. వచ్చి, సెయ్యి సీరకేసి రుద్దుకుని, దాలమ్మ సెయ్యి పట్టుకున్నాది. "ఓలమ్మ, మా పిచిక కాదేటి! ఎన్నాళ్లకొచ్చినావే తల్లీ!" అన్నాది. బస్సోళ్లకి పిచికంటే ఎవులో తెల్దు. సన్యాసమ్మ "ఎవులే అమ్మీ ఈయమ్మ?" అనడిగినాది, మామూలుగానే అడిగినాది, కోపం గీపం నేదు. ఒక్క మాట సెప్తే సరిపోను. మా అత్త, నన్ను పెంచినాది, అంతే కదా. దాలమ్మ సెయ్యి ఎనక్కి లాక్కున్నాది. "నానెరగనత్తా" అన్నాది. అత్తా అని సన్యాసమ్మని అన్నాది గాని, ఆ మాటకి నూకాలు ఊఁ కొట్టబోయి ఆగిపోనాదంట. అదీ ఆవిడ బతుకు.

నూకాలు మేనకోడల్ని సూసినాది, కొత్తసీర సూసినాది, పక్కన అత్తగార్ని సూసినాది. ఎర్రిది కాదమ్మా ఆవిడ, ఊరూరా తిరిగి సేపలమ్మినోళ్లకి మనిషి మొహం సదవడం రాదేటి. ఆ సెయ్యి మెల్లగా కొంగులో దాసుకున్నాది. "పొరపాటైపోనాదమ్మా, ఏటీ అనుకోకండి. మా మేనకోడలు అచ్చం ఈలాగే ఉండీది. అది పెద్దింటి కోడలైపోనాది, ఈ ఇసకలోకెందుకొస్తాది" అని నవ్వినాది. కళ్లు తుడుసుకున్నాది, ఎండ అన్నాది. గైడు రండి రండి అని ముందుకి తోలేసినాడు. దాలమ్మ ఎనక్కి తిరిగి సూడనేదు. సిగ్గు ఉంటాదే, ముందు ఒకళ్ల కోసం సిగ్గుపడతాం, ఆ తర్వాత మనకోసం మనం సిగ్గుపడాల. మొదటిది కొంగడ్డమెట్టుకుంటే పోతాది. రెండోదానికి ఏ కొంగూ సాలదు.

మరింక బస్సెక్కడమే. ఎక్కబోతంటే ఏమైందంటే, బస్సు గుమ్మం కాడ నూకాలు నిలబడుంది. తానం సేసొచ్చినాది, జుట్టు తడి, ఉతికిన సీర, సేతిలో కుంకుమ బరిణె. ఆడకూతురు పుట్టినూరొచ్చి బొట్టు నేకుండా ఎల్లకూడదు కదమ్మా. అందునా ఈ పిల్లకి పెళ్లిబొట్టు తన సేత్తో ఎట్టనేదు. మరి ఎరగనన్నదానికి బొట్టెలా ఎడతాది? ఒక్కదానికే ఎడితే గుట్టు బయటపడిపోతాది. అంచేత ఏం సేసినాదంటే, "మా ఊరొచ్చిన ఆడకూతుర్లు ఒట్టినే ఎల్లకూడదమ్మా, ఇది మా ఊరి మామూలు" అని, బస్సెడు ఆడోళ్లకీ ఎట్టడం మొదలెట్టినాది. ఒక్కదానికోసం అందరికీ! సన్యాసమ్మకి ఎట్టినాది, ఏళాకోళం ఆవిడకెట్టినాది, వరసలో దాలమ్మొచ్చినాది. ఆవిడకీ ఎట్టినాది, అందరికెట్టినట్టే, ఎక్కువ కాదు తక్కువ కాదు. ఆ సెయ్యి దాలమ్మ మొహానికి దగ్గరగా వచ్చినప్పుడు ఏ వాసనా నేదు. సబ్బుతో తోమి తోమి కడుక్కుని వచ్చినాది.

గైడు ఏటంటాడు మరి? ఆడికీ తెల్దు ఆ మామూలు, తెల్దంటే గైడెలాగవుతాడు. "ఆఁ, ఇది ఇక్కడి ఆచారమమ్మా, ఒలందుల కాలం నుంచీ ఉన్నదే" అనేసినాడు. బస్సు కదిలినాది. సన్యాసమ్మ ఊరుకోదు కదా, "పాపం ఆ ముసిల్ది, మేనకోడల్ని తలుసుకుని ఏడ్సినాది సూసినావేటే. ఎక్కడుందో గాని ఆ గుంట, పెంచినోళ్లకి ఒక్కపాలి మొహం సూపించొచ్చు కదా. అలాటోళ్లకి పుట్టగతులుంటాయేటి" అన్నాది. అని, కోడలి తల తన బుజం మీద ఆనించుకుని "నువ్వు కూసింత పడుకోయే, ఎండ తగిలి మొహం మాడిపోనాది" అన్నాది. తిట్టిన నోటితోనే లాలించినాది. దాలమ్మకి ఆ బుజం మీద నిద్దరెక్కడిది. బస్సాపమందామని నోటిదాకా వచ్చినాది, సరుగుడు తోట దాటిపోనాది, ఇంకో ఊరు దాటిపోనాది, రానేదు మాట. ఇంటికొచ్చేక రాత్రి మొహం కడుక్కుంటా బొట్టు కాడ సెయ్యి ఆపేసినాదంట. కడగనేదు.

ఇక సూడండి, ఆ సుదర్శనం ప్రతి బస్సుకీ ఇదే సెప్పడం మొదలెట్టినాడు. "ఒలందుకోట బొట్టు చాలా విశేషం" అని. బస్సెనక బస్సు. నూకాలుకి తప్పుతాదా, ఏ బస్సులో తన పిచికుందోనని ప్రతి బస్సుకీ తానం సేసి బరిణట్టుకుని నిలబడీది. అందరూ ఆవిడ్ని "బొట్టత్త" అనీవోరు. ఆ బొట్టు కలిసొచ్చినాదని సన్యాసమ్మ పై ఏడు మళ్లీ ఎల్దామన్నాది. దాలమ్మ బస్సెక్కినాది. ఈసారి సెప్పీయాలనుకున్నాది, అందరి ముందూ, గట్టిగా. పోతే పోనాది బంగళా.

వరసలో నిలబడ్డాది. ముందున్నోళ్లు "అత్తా, నాకు పెద్దగా ఎట్టు", "అత్తా, ఇటు సూడు" అని అరుస్తన్నారు. ఎవులు పడితే ఆళ్లు అత్తా అంటన్నారు! తను అనలేక సచ్చిపోయిన మాట, ఊరూ పేరూ నేనోళ్లు దార్న పోతా పోతా అనేస్తన్నారు. దాలమ్మ వంతొచ్చినాది. నూకాలు బరిణలో ఏలు ముంచి, అందర్నీ అడిగినట్టే "ఏ ఊరమ్మా మీది?" అన్నాది. దాలమ్మ అందరికీ ఇనపడేలాగ "ఈ ఊరే అత్తా. నీ ఇల్లే" అన్నాది. బస్సోళ్లు పకపకా నవ్వేరు, "సూడండి బంగళా కోడలి మాటకారితనం" అన్నారు. నూకాలూ నవ్వినాది. బొట్టెట్టినాది. "ఈ బొట్టెట్టించుకున్నోళ్లందరూ అలాగే అంటారు తల్లీ. జరుగమ్మా, ఎనకోళ్లు ఎండలో ఉన్నారు" అన్నాది.

నూకాలు ఆ పిల్ల పరువు కాపాడ్డానికే అలాగన్నాదో, మనసు ఇరిగే అన్నాదో, నన్నడక్కండి. నాను ఆవిడ్ని ఎరుగుదును గాని అడిగే ధైర్యం నాకూ నేదు. సెప్పాల్సిన నాడు సెప్పని నిజం, తర్వాత ఎంత గట్టిగా అరిసినా మర్యాద మాటలాగే ఇనపడతాది. దాలమ్మ ఇప్పటికీ ప్రతి ఏడూ ఎల్తాదంట, ప్రతి ఏడూ "ఈ ఊరే" అంటాదంట, అందరూ నవ్వుతారంట. మీరూ అటెల్తే బొట్టెట్టించుకోండి. ఆ ఆచారం ఎప్పటిదని గైడునడిగితే ఒలందుల కాలం నాటిదంటాడు, ఊఁ కొట్టండి, ఆడి బతుకాడిది. ఆడదాని సిగ్గులోంచి పుట్టినాదంటే ఎవుడు టిక్కెట్టు కొని వస్తాడు.