మందేశానని చెప్పు

కుక్కల ఆసుపత్రిలో బల్లకి ఆ చివర భర్త, ఈ చివర ఆమె కూర్చున్నారు. లోపల వణికిపోతున్న కుక్కకి డాక్టరు ఒళ్ళంతా కడిగి సెలైన్ ఎక్కిస్తున్నాడు. నాలుగు రోజులుగా మాటల్లేని ఆమె ఇప్పుడు మొగుడితో నోరు విప్పింది.

"పిడుదుల మందు నెలకొక్క ట్యూబే వెయ్యాలని అట్ట మీద రాసుంది. కళ్ళు కనబడవా?"

"నేనేసింది ఒక్కటే. పొద్దున్నే నువ్వొకటి వేశావని నాకు కలొచ్చిందా?"

"మెడ మీద బొచ్చు తడిగా లేదూ?"

"నీళ్ళనుకున్నాను. ఒక్క ముక్క చెప్తే నీ నోట్లో ముత్యాలు రాలిపోతాయా?"

"మీ అక్క ముందు నన్ను అన్నేసి మాటలన్న మనిషితో నేనెందుకు మాట్లాడతాను? అయినా చెప్పాను."

"ఎవరికి?"

"లోపలున్న దానికే. ‘పోవే, మందేశానని మీ నాన్నతో చెప్పు’ అన్నాను."

అతను బల్ల మీద కాస్త ఇటు జరిగాడు.

"నేనూ దానికే చెప్పాను. మీ అమ్మతో చెప్పమని."

ఆమెకి ఏడుపు ముంచుకొచ్చింది, దాని వెనకే కోపమూ వచ్చింది.

"దాన్ని లేచి రానివ్వండి. అప్పుడు చెప్తాను మీ సంగతి!"

"చెప్పు. కానీ నాతోనే చెప్పు. దానితో చెప్పి పంపకు."