గాలి సంచికి అడుగు కుట్టిన రోజు

"అమ్మమ్మా, మమ్మీ స్కూటీ నేర్చుకుంది ఆ రన్‌వే మీదేనట కదా. అక్కడ సచ్‌మే ప్లేన్లు దిగేవా? బోలో, ఫోన్ ఆన్ చేసేసాను."

ఆన్ చేసీసావా? ఆగాగు, కొంగు సర్దుకోనీ. ఓ, మాటలొక్కటే పడతాయా, మొహం పడదా? మరి ముందే చెప్పొద్దేటి! సరే. ఏటడిగావు, విమానాలు దిగీవా అనా? దిగకపోతే మీ తాతయ్య ఇరవయ్యేళ్ళు అక్కడ ఆవుల్ని కాసాడనుకున్నావేటి? అంటే, ఆవుల్నీ కాసాడనుకో. అది వేరే సంగతి.

ఇక్కడందరూ దాన్ని హవాయి పట్టీ అనీవారు. ఇక్కడి ఉక్కు ప్లాంటు చూడ్డానికి పెద్ద పెద్దవాళ్ళు వస్తారు కదా, ఢిల్లీ నుంచీ, బయట దేశాల నుంచీ, వాళ్ళ కోసం వేసారు. ఒక పొడుగాటి తారు పట్టీ, ఒక చిన్న గది, ఒక గేటు, ఒక స్తంభం. అంతే. ఇప్పుడు నువ్వు రాయ్‌పూర్‌లో చూస్తావు చూడు, అద్దాలూ, నడిచే మెట్లూ, అలాంటివేటీ లేవు. చిన్న విమానాలొచ్చీవి, మన సిటీ బస్సు కంటే చిన్నవి. అవైనా రోజూ రావు. మా తమ్ముడున్నాడు కదా, మీ బుజ్జి తాతయ్య, వాడు విమానం చూస్తానని పలాస నుంచి రైలెక్కి మన పక్కనున్న దుర్గ్ స్టేషన్‌లో దిగాడు. నాలుగు రోజులు టిఫిన్ డబ్బా పట్టుకుని ఆ గేటు దగ్గరే కూర్చున్నాడు. ఒక్కటొస్తే ఒట్టు! అయిదో రోజు పొద్దున్న విసుగెత్తి రైలెక్కీసాడు, మధ్యాహ్నానికి రెండొచ్చీసాయి. ఇప్పటికీ ఆ మాటెత్తితే వాడికి కోపం. ఈసారి ఫోన్ చేసినప్పుడు అడుగు, బాగుంటాది.

ఏటి చెప్తున్నాను? ఆఁ, మీ తాతయ్య. అక్కడ హెల్పర్‌గా చేరాడు, టెంపరరీ. పనేటంటే, గేటు తీయడం, విమానమొచ్చే ముందు సైకిలెక్కి గంట కొట్టుకుంటూ ఆవుల్ని తోలడం, స్తంభానికి గాలి సంచి కట్టడం. గాలి సంచి తెలీదూ? గుడ్డది, పొడుగ్గా ఉంటాది, ఒక పక్క పెద్ద నోరు, రాను రాను సన్నగా అయిపోతాది. గాలెటు వీస్తే అటు ఎగురుతాది. పైనున్న పైలట్ దాన్ని చూసి, ఓహో గాలిటుంది, దానికెదురుగా దిగాలి అనుకుంటాడన్నమాట. అంత విమానమూ ఈ గుడ్డముక్కని చూసుకుని దిగుతాదంటే నేను మొదట నమ్మలేదు.

నాకప్పుడు పందొమ్మిదేళ్ళు. కాదు, ఇరవై. మీ మమ్మీ కడుపులో ఉంది, ఏడో నెల. కేంప్‌లో, అదే ప్లాంటు కూలీలుండే పేటలో, ఒక గది అద్దెకి తీసుకుని ఉండీవాళ్ళం. నాకు హిందీ ఒక్క ముక్క రాదు. ఆలూ ఎంత అని అడగడానిక్కూడా వేళ్ళు చూపించీదాన్ని. తాతయ్య పొద్దున్న పోతే సాయంత్రం వచ్చీవాడు. నేను గోడలు చూసుకుంటూ కూర్చుండీదాన్ని. ఏడ్చీదాన్ని కూడా. మరీ ఏడుపు కాదులే... కాదు, ఏడుపే. దాచడమెందుకు, ఇన్నేళ్ళయ్యాక.

అక్కడొక పెద్దసారుండీవాడు. హవాయి పట్టీ అంతా ఆయన చేతిలోనే. తాతయ్యని పర్మనెంటు చెయ్యమని కాగితం ఆయన బల్ల మీదుంది. ఆయన సంతకం పెడితే పర్మనెంటూ, క్వార్టరూ, పురిటికి ఆస్పత్రీ అన్నీ వచ్చీస్తాయి. పెట్టకపోతే మూటా ముల్లే సర్దుకుని మళ్ళీ పలాసే. రోజూ అదే మాట మా ఇంట్లో, సంతకం పెట్టాడా, పెట్టలేదా అని.

అలాంటప్పుడు ఒకరోజు మధ్యాహ్నం మీ తాతయ్య పరిగెత్తుకొచ్చీసాడు. రేపు పదకొండింటికి ఢిల్లీ నుంచి పెద్దాయనొస్తున్నాడు, గాలి సంచి చూస్తే పీలికలైపోయింది, కొత్తది రావాలంటే నెల పడతాది, దర్జీ చూస్తే ఊరెళ్ళిపోయాడు. చంకలో స్టోరు వాళ్ళిచ్చిన గుడ్డ, నారింజా తెలుపూ, రెయిన్‌కోటు గుడ్డలాగ మందంగా ఉంది. ఇంకో చేతిలో ఆ చిరుగుల సంచి. "నువ్వు కుట్టగలవా?" అన్నాడు. కుట్టగలవా అని నన్నడుగుతాడేటి! మా ఊళ్ళో చర్చి వెనక సిస్టర్లు కుట్టు నేర్పీవారు, నా కుట్టు చూపించి మిగతా ఆడపిల్లల్ని తిట్టీవారు. మా అమ్మిచ్చిన చేతి మిషను నాతోపాటు రైల్లో వచ్చింది. ఇక్కడికొచ్చాక దాని మీద గుడ్డ కప్పి ఉంచీసాను, ఎవరికి కుట్టాలి?

కూర్చున్నానమ్మా. ప్రతి కుట్టూ మడిచి మళ్ళీ దాని మీద ఇంకో కుట్టు. నోరు దగ్గర రింగుకి తాడు పట్టేలాగ చిల్లులు, వాటి చుట్టూ కాజాలు. అన్నీ అయ్యాయి, ఇంక సన్నటి కొస మిగిలింది. పాతదాంట్లో కొస తెరిచే ఉంది. నేనేటనుకున్నానంటే, మరి చిరిగిపోయింది కాబట్టి తెరుచుకుంది అనుకున్నాను. సంచన్నాక అడుగుండాలి కదా! అడుగు లేకపోతే గాలి ఎక్కడ నిలుస్తాది? నువ్వే చెప్పు. అందుకని బాగా ఆలోచించి మరీ, మూడు వరసలు కుట్టి మూసీసాను. సాయంత్రం తాతయ్యకి రెండు చేతులా ఎత్తి చూపించాను. చూసాడు. "బాగుంది" అన్నాడు. మడిచి సైకిల్ వెనక పెట్టుకున్నాడు.

నవ్వకు, ఇంకా ఉంది.

మర్నాడు నేను ఇంట్లో ఉండగలనేటి? నా చేతి పని చూసుకుని విమానం దిగుతోందంటే! టిఫిన్ వంక పెట్టుకుని రిక్షా మాట్లాడుకుని పోయాను. పొద్దున్నే కట్టీసాడు తాతయ్య. అబ్బ, ఎంత బాగా ఎగిరిందనుకున్నావు! అంతలో వానొచ్చీసింది. ఎంతోసేపు కాదు, ఒక పావుగంట, కానీ జల్లు కాదు, కుమ్మరింపు. తాతయ్యేమో ఆ చివరన ఆవుల వెనక సైకిల్ మీదున్నాడు. వాన సంచి నోట్లోంచి లోపలికి వెళ్ళిపోతోంది, అడుగు మూసుంది కదా, మరి బయటికెలాగొస్తాది? బిందెడు నీళ్ళు నిండి సంచి కిందకి వేలాడిపోయింది. నిండు చూలాల్ని నేనా, అదా అన్నట్టుంది.

గాలి చూస్తే నా కొంగు లాగీస్తోంది. సంచి చూస్తే కదలదు. పైలట్ పాపం అక్కడ గాలే లేదనుకున్నాడు. రెండు చుట్లు తిరిగి, గాలి వెనక నుంచి తోస్తుండగా దిగీసాడు. విమానం ఆగదే! తారు పట్టీ అయిపోయినా ఆగదు. చివరికి గడ్డిలోకి పోయి ఆగింది. ఎవరికీ ఏటీ అవలేదు, ఒక్క గీతైనా పడలేదు. కానీ ఆ పెద్దసారు దండ చేత్తో పట్టుకుని అలాగే నిలబడిపోయాడు.

పైలట్ దిగి నేరుగా స్తంభం దగ్గరికే వచ్చాడు. ఢిల్లీ పెద్దాయన వెనకాలే. సంచి కిందకి దింపించారు. పెద్దసారు అరిచాడు, "కిస్‌నే సియా?" అని. తాతయ్య సైకిల్ పడీసి పరిగెత్తుకొచ్చి, "మైనే సాబ్" అన్నాడు. నాకు హిందీ రాదు కానీ, ఆ మాత్రం తెలిసింది. ఎవడు కుట్టాడు అంటే, నేను అంటున్నాడు! నాకు ఒళ్ళు మండిపోయింది. నేను మధ్యాహ్నమంతా నడుం విరగ్గొట్టుకుని కుడితే, బొత్తాం కుట్టడం రానివాడు తను కుట్టానంటాడా? గేటు దాటి పోయాను, ఆ కడుపుతోటే. "నేను కుట్టాను! ఒక్క కుట్టు ఊడిందేటి, చూడండి!" అన్నాను. తెలుగులోనే. ఆయనకేటి తెలుస్తాది? తాతయ్య కేసి చూసాడు. తాతయ్యేటన్నాడో తెలుసా? "సాబ్, మాఫీ మాంగ్ రహీ హై." మాఫీ అన్న మాట నాకొచ్చు, క్షమించమని! "నేను మాఫీ అడగలేదు!" అని ఇంకా గట్టిగా అరిచాను.

ఆ పెద్దసారు మొహం ఎర్రగా అయిపోయింది. ఇంక అయిపోయింది మా పర్మనెంటు అనుకున్నాను. అప్పుడు తెలిసొచ్చింది చూడు నాకు, తాతయ్య నన్ను దాచాలని అబద్ధమాడాడు, నేను పోయి ఆ అబద్ధాన్ని చింపీసాను.

పైలట్ ముందుకొచ్చాడు. సంచి కుట్టు రెండు చేతులా పట్టుకుని లాగాడు. ఊడలేదు. ఇంకా గట్టిగా లాగాడు. ఉహూఁ. నా కేసి చూసాడు. జేబులోంచి చిన్న చాకు తీసి, ఆ అడుగు కొస చర్రున కోసీసాడు. నీళ్ళన్నీ ధబేలుమని పోయి పడ్డాయి. ఎక్కడ? పెద్దసారు బూట్ల మీద. ముందు ఢిల్లీ పెద్దాయన నవ్వాడు. ఆయన నవ్వితే పెద్దసారు నవ్వకుండా ఎలాగుంటాడు? నవ్వాడు పాపం, బూట్లు దులుపుకుంటూ. సంచి మళ్ళీ ఎక్కిస్తే ఝామ్మని లేచింది. పైలట్ వెళ్తూ వెళ్తూ తాతయ్యతో చెప్పాడట, ఇంక సంచులన్నీ ఈవిడ చేతే కుట్టించండి, కొస మాత్రం వదిలీమనండి అని.

మీ మమ్మీ పుట్టిన నెలకి సంతకమైంది. సెక్టర్ ఫోర్‌లో క్వార్టరొచ్చింది. అప్పట్నుంచి అక్కడ ఎగిరిన ప్రతి సంచీ నేను కుట్టిందే. మార్కెట్లో ఎవరైనా ఏం చేస్తారని అడిగితే, హవాయి పట్టీలో పని అనీదాన్ని. మరి కాదేటి?

తర్వాతేటి, రాయ్‌పూర్ రోడ్డు బాగుపడింది, అక్కడ పెద్ద విమానాలు, పెద్దవాళ్ళంతా అక్కడ దిగి కార్లో రావడం మొదలెట్టారు. మనదానికి నెలకొకటి, తర్వాత ఆర్నెల్లకొకటి. కుర్రాళ్ళు క్రికెట్టు, మీ మమ్మీలాంటివాళ్ళు స్కూటీలు. మీ మమ్మీ ఒక ఆవుని కూడా గుద్దింది, చెప్పిందా? చెప్పదు. ఆఖరికి ఇంక మూసీమని కాగితమొచ్చింది. తాతయ్యని ప్లాంటు లోపల వేరే సెక్షన్‌లో వేసారు. మళ్ళీ తెరుస్తాం అని ఇప్పటికీ అప్పుడప్పుడు పేపర్లో రాస్తారు, మీ మమ్మీ నాకు చదివి వినిపిస్తాది, నేను సరేలే అంటాను.

మూసిన రోజు సంచి దింపడానికి పోతూ నన్నూ తీసుకెళ్ళాడు తాతయ్య. బీటల్లో గడ్డి మొలిచీసింది. సంచి దింపి చుట్ట చుడుతున్నాడు. చుడుతూ చుడుతూ, "ఆ మొదటిది, అడుగు మూసావని నేను సాయంత్రమే చూసాను" అన్నాడు.

నాకర్థం కాలేదు. ఏటి చూసారు?

"చూసాను. నువ్వు చూడ్డానికొస్తావని తెలుసు, అందుకే విమానం వెళ్ళిపోయాక నీకు తెలీకుండా కత్తిరించీద్దామనుకున్నాను. వానొస్తాదని ఎవడికి తెలుసు?"

"మరి అప్పుడే చెప్పొద్దేటండీ, విప్పీసీదాన్ని కదా!"

"ఎలాగ చెప్పను?" అన్నాడు. "నువ్వు దాన్ని అలాగ ఎత్తి పట్టుకుని నవ్వుతున్నావు. ఈ ఊరొచ్చాక నువ్వు నవ్వడం అదే మొదలు."

తిట్టాను. మామూలుగా తిట్టలేదు. ఉద్యోగం పోయుంటే? విమానానికేదైనా అయ్యుంటే? లోపలున్న మనుషులో? మతుందా మీకు అని తిట్టి తిట్టి, ఆ తారు మీదే కూర్చుండిపోయి ఏడ్చీసాను. పక్కన కూర్చున్నాడు. అప్పటికి ఇరవయ్యేళ్ళు కడుపులో పెట్టుకున్నాడమ్మా ఆ మాట.

ఏటే, కళ్ళలో నీళ్ళేటి? నేను నవ్వడానికి చెప్తే! ఇంక ఆపు దాన్ని, ఫోను వేడెక్కిపోయుంటాది. చల్లగా ఉండు తల్లీ. నీకూ మీ తాతయ్యలాంటివాడే దొరకాలి. కాదు కాదు, ఉండు, అది చెరిపీ. తప్పు కుడితే తప్పని మొహం మీద చెప్పీసీవాడు దొరకాలి. అప్పుడే చెప్పీసీవాడు. అంతే.

చెప్పలేకపోయినా... పర్లేదులే.