సినిమాలో లేని తాడు

శుక్రవారం మధ్యాహ్నం, పరాయి దేశంలో, అస్కర్ కూలీల క్యాంపు గదిలో, టీవీలో ఎవరో ఇచ్చిన వీడియో క్యాసెట్టు ఆడుతోంది. అది జర్మనీవాళ్ల పాతకాలపు మూగ సినిమా. మెట్ల మీంచి పడి చచ్చినవాడి నీడ అతని స్నేహితుణ్ణి వెంటాడుతోంది. కాలేబు మాత్రం పక్కనున్న ఎలియేజరునే గమనిస్తున్నాడు. పోయిన నెల తమతో పనిచేసే ఖుర్రం పరంజా మీంచి పడి చనిపోయిన రోజు అతనికి జోడీ ఎలియేజరే. ఎక్కేముందు జోడీవాడు పడకుండా కట్టుకునే బెల్టు తాడు చూడడం రివాజు. చూశాను, బాగానే ఉందని ఆఫీసులో చెప్పిందీ ఎలియేజరే.

“అన్నా, ఆ నీడ వీని ఎంబడే ఎందుకు పడ్డది? వీడే నూకిండా?” కాలేబు అడిగాడు.

“నూకలే.”

“సినిమాల మాటల్లేవు. తెర మీద పడే ఆ రాత మనకు రాదు. నీకెట్ల తెలుసు?”

“మొఖం చూస్తె తెలుస్తలేదా? నూకినోని మొఖం గట్లుండదు.”

“మరేం చేసిండు?”

“ఏం చెయ్యలే. తాడు నలిగిందని చూసిండు. కింద సూపర్‌వైజరు యల్లా యల్లా, జల్ది జల్ది అని ఒర్లుతుండు. దిగినంక చెప్దామనుకున్నడు.”

కాలేబు లేచి టీవీ ఆపాడు.

“అన్నా, సినిమాల మెట్లే ఉన్నయి. తాడెక్కడున్నది?”