ఒంటి టైరుకి ఇన్సూరెన్సు

"డ్రైవరన్నా... ఓ డ్రైవరన్నో..."

వీధి ఆ కొస నుంచి వచ్చింది కేక. వీధంటే నెల్లూరు ట్రంకురోడ్డు అనుకోబాకండి. వాకాడుకి తూర్పున, సముద్రం ఒడ్డున ఉన్న పల్లె అది. రెండు వరసల తాటాకు ఇళ్ళు, మధ్యలో ఇసక, ఇళ్ళు అయిపోయిన చోట సరుగుడు తోపు, తోపు మొదట్లో ఒక కారు షెడ్డు. షెడ్డులో కారు లేదు. జయరామయ్య ఉన్నాడు.

పొద్దు వాలింది. ఆయన షెడ్డు ముందర పాత టైరు పడుకోబెట్టి, దాని మీద కూర్చుని, పొయ్యి ముట్టించాలా వద్దా అని ఆలోచిస్తున్నాడు. ఒక్కడికి వండుకోవడమంత దిగులు పని ఇంకోటి లేదు. గిన్నెలో గుప్పెడు బియ్యం వేస్తే అవి అడుగున ఎక్కడో కనపడీ కనపడకుండా ఉంటాయి. ఆ గిన్నె మన మొహం చూసి "ఇంతేనా" అని అడిగినట్టుంటుంది.

ఒకప్పుడు ఆయన కోటలో ఒక రెడ్డిగారికి అంబాసిడర్ కారు తోలినాడు. రెడ్డిగారు పోయాక కొడుకులు మద్రాసులో కాపురాలు పెట్టి, కారు అమ్మేసి, ఈ తోపుకి కాపలాగా ఆయన్ని ఇక్కడ ఉంచారు. కారు నిలిపిన చోటే మంచం వేసుకున్నాడు. మంచం కింద నేల మీద ఆయిలు మరక ఇంకా పోలేదు. పోగొట్టాలని ఆయన చూడనూ లేదు.

ఊరివాళ్ళు రాకపోరు. కట్టెపుల్లల కోసం వస్తారు, మోకు కోసం వస్తారు. పని చెప్తారు, పని అయిపోతుంది, పోతారు. అందుకని జయరామయ్య ఒక ఉపాయం కనిపెట్టాడు. వచ్చినవాడు పని చెప్పేలోపలే కథ ఎత్తుకోవాలి. పని నోట్లో ఉన్నంతసేపూ మనిషి కదలడు.

ఆ రోజు పొద్దున ఇంకో సంగతి జరిగింది. పెద్దవల లాగుతుంటే మనుషులు చాలలేదు. ఒడ్డున ఊరికే నిలబడ్డ జయరామయ్య కూడా పోయి తాడు పట్టాడు. ముందొక వీపు, వెనకొక ఊపిరి, అందరి అడుగూ ఒకటే. ఎన్నాళ్ళయిందో అట్లా మనుషుల మధ్య నిలబడి. వల గట్టెక్కి వాటాలు వేసే వేళకి మాత్రం చల్లగా తప్పుకున్నాడు. తను చేపలు పట్టే ఇంట పుట్టినవాడు కాదు. వాటా కోసం చెయ్యి చాపినట్టుంటుందని. తాడు ఒరుసుకున్న మంట ఒక్కటే అరచేతుల్లో ఇంటికి తెచ్చుకున్నాడు.

కేక వేసిన మనిషి దగ్గరికొచ్చాడు. ముత్యాలయ్య, పెద్దవలకి ముందు తాడు పట్టేవాడు.

"అన్నా, నిన్ను..."

"రా ముత్యాలూ, కూర్చో. సమయానికి వచ్చినావు. ఈ టైరు చూసినావా?"

"రోజూ నువ్వు కూర్చునేదే గదా. అన్నా, అంకాలమ్మక్క..."

"ఇన్సూరెన్సు కంపెనీ చేత కన్నీళ్ళు పెట్టించిన టైరురా ఇది."

"ఇన్సూరెన్సంటే?"

ఆ ఒక్క మాట అడగడమే ముత్యాలయ్య చేసిన పొరపాటు. జయరామయ్య టైరు మీద సర్దుకుని కూర్చున్నాడు.

"ఇన్సూరెన్సంటే కారు పేరు మీద ఏడాదికోసారి కంపెనీకి కట్టేది. కారుకి దెబ్బ తగిలితే వాళ్ళు బాగుచేయిస్తారు. ఇప్పుడు విను. రెడ్డిగారు సముద్రపు గాలి కావాలన్నారు, నేను తడి ఇసక మీద తోల్తావుండా, ఇసక గట్టిగానే ఉండాది, నా చెయ్యి అంతకంటే గట్టిగా ఉండాది. ఒడ్డున ఒక టేకు చేప పడుండాది. చాటంత. దాని తోక ముల్లు నిటారుగా నిలబడుండాది. ముందు ఎడమ చక్రం దాని మీదెక్కింది. ఢామ్మంది."

ముత్యాలయ్య తలూపాడు. టేకు ముల్లు ఏం చేస్తుందో వాడి కాలికి తెలుసు.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? మద్రాసు నుంచి కంపెనీ సర్వేయరు దిగినాడు. నల్లకోటు, నల్లగొడుగు. టైరు చుట్టూ తిరిగినాడు, వేలు పెట్టి చూసినాడు. బండికి దెబ్బేదీ అన్నాడు. లేదండీ, టైరొక్కటే అన్నా. అయితే ఏమీ రాదు అన్నాడు. టైరు అరిగి పగిలినా రాదు, గాలి తక్కువై చీలినా రాదు, ఒంటి టైరుకి అసలు రాదు. అదే దెబ్బలో బండికి కూడా తగిలుంటేనే టైరుకి ఇచ్చేది అన్నాడు."

"అదేం న్యాయం?" అన్నాడు ముత్యాలయ్య. అని, వెంటనే తనొచ్చిన పని గుర్తొచ్చి లేవబోయాడు. "సరే అన్నా, అక్కడ..."

లేస్తున్న ఆ మోకాళ్ళ వంక చూశాడు జయరామయ్య. కథ అక్కడ ఆపితే వాడు పని చెప్పి పోతాడు. ఆ వెనకే గుప్పెడు బియ్యం.

"నేను ఊరుకుంటానా?" అన్నాడు.

సరిగ్గా అప్పుడే వీధిలోంచి ఇంకో మనిషి వచ్చాడు. మాలకొండయ్య, ముత్యాలయ్యకి బావ. "ఏందిరా, పిలుచుకురమ్మంటే నువ్వే కూలబడినావు. లెయ్ డ్రైవరన్నా, అక్కడంతా..."

"కూర్చో మాలకొండయ్యా. సర్వేయరు గొడుగు ముడిచినాడు, పోతావుండాడు. ఇంతలో టేకు కదిలింది."

"చచ్చిపడిందన్నావే?" అన్నాడు ముత్యాలయ్య.

"పడుండాదన్నా గానీ చచ్చిందన్నానా? మనూరి పోస్టుమాను కూడా మధ్యాన్నం పడుంటాడు, చచ్చినట్టా? అది లేచింది. ఈ వాకిలంత ఉండాది."

"చాటంత అన్నావు."

"ముడుచుకుని ఉండిందిరా అప్పుడు. ఇప్పుడు విప్పుకుంది. విప్పుకుని తోకతో బానెట్టు మీద ఒక్కటిచ్చింది. బానెట్టు సొట్టపొయ్యింది, ముందద్దం గల్లంతైంది. సర్వేయరుబాబూ, ఇదిగో బండికి కూడా తగిలింది, ఇప్పుడేమంటావని అడిగినా. ఆయన గొంతు సవరించుకుని, అయితే సగం ఇస్తాం అన్నాడు. సగమేంది? వాడిన టైరు గదా, కొత్తదానికి సగమే ఇస్తారంట, రూలంట. అయ్యా, సగం టైరుతో బండి ఎట్లా నడుస్తుంది, సగం దూరం దొర్లి సగం దూరం కుంటుతుందా అన్నా."

మాలకొండయ్య నవ్వాడు. కానీ వాడి పాదాలు ఇంకా వీధి వైపే తిరిగున్నాయి. జయరామయ్య కళ్ళు ఆ పాదాల మీదే ఉన్నాయి. ఇట్లా కాదు, సముద్రాన్నే దించాలనుకున్నాడు.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? ఆ టేకు టైరు పీకి నోట్లో వేసుకుంది. పోనీ దొంగతనం కింద ఇవ్వండి అన్నా. ఒంటి టైరు దొంగలెత్తుకుపోయినా ఇవ్వం, బండంతా ఎత్తుకుపోతేనే ఇస్తాం అన్నాడా సర్వేయరు. ఆ మాట టేకు వినింది."

"తెలుగు వచ్చునా దానికి?"

"ఈ ఒడ్డున పుట్టింది, రాదా? వినింది, బండి కిందికి దూరింది, బండిని వీపు మీదెత్తుకుని సముద్రంలోకి నడిచింది. లోపల నేనుండా, వెనకసీట్లో సర్వేయరుండాడు. రిపోర్టు రాసుకుంటావుండాడు పాపం, ఇంకా చూసుకోలేదు. అలలు దాటినాక చూసుకున్నాడు. భయపడబాకండి, బ్రేకు నా కాలికిందే ఉండాది అన్నా. గొడుగు తెరవమన్నా. కిటికీలోంచి గొడుగు తెరిచినాడు, తెరచాప మాదిరి గాలి పట్టింది. టేకు ఒకపక్క లాగుతుంది, గొడుగు ఒకపక్క లాగుతుంది, మధ్యలో నేను టాపుగేరు వేసినా. దుగరాజపట్నం దీపస్తంభం మమ్మల్ని చూసేదానికి మెడ తిప్పింది. అప్పట్నుంచీ అది అట్లా తిరుగుతానే ఉండాది."

మాలకొండయ్య కూర్చున్నాడు. ఇసకలో, కాళ్ళు మడుచుకుని. జయరామయ్య గుండెలో ఏదో కుదురుకుంది. ఇద్దరు. చీకటి పడుతున్న వేళ ఇద్దరు మనుషులు తన వాకిట్లో కూర్చున్నారు.

"ముత్యాలూ... మాలకొండయ్యా... మిమ్మల్ని కూడా టేకు మింగిందా ఏంది?"

దూరం నుంచే కథ చెవిన పడ్డ అంకాలమ్మ గొంతు. పెద్దవల ఆమె ఇంటిదే. చీర చెంగు నడుముకి దోపి ఇసకలో విసవిసా వస్తోంది. వెనక ఇంకో నలుగురైదుగురు తాడు మనుషులు. ఇంతమందిని ఒకేసారి చూసేసరికి జయరామయ్యకి తల తిరిగినంత పనైంది. ఇక అడ్డూ ఆపూ లేదు.

"రండి, రండి. మద్రాసు హార్బరు చేరినాం. అప్పటికి ఆ టేకు పెరిగి పెరిగి ఈ తోపంతైంది. దారిలో ఆకలేసి మిగతా టైర్లూ, డిక్కీలో ఉన్న స్టెప్నీ టైరూ మింగేసింది, ఒక్కటి మిగల్చలేదు. కంపెనీ మేనేజరు చెప్పుల్లేకుండా పరిగెత్తుకుంటా వచ్చినాడు. జయరామయ్యగారూ, తెలిసిందండీ, సగం లేదు పావూ లేదు, మొత్తం మేమే ఇచ్చుకుంటాం అన్నాడు. అంతటితో ఒప్పుకోను అన్నా. మరేం కావాలన్నాడు. మావైపు ఎడ్లబళ్ళు కర్రచక్రాలతో ఎముకలిరగ్గొడతావుండాయి, వాటిక్కూడా ఇవ్వమన్నా. కోట చుట్టుపక్కల రబ్బరు టైర్ల బళ్ళు ఎట్లా వచ్చినాయనుకున్నారు? గూడ్సుబండి నిండా టైర్లు. గూడూరు స్టేషన్లో దించలేక కూలీలు వాటిని దొర్లిస్తే, అవి దొర్లుకుంటా దొర్లుకుంటా ఎవరి ఊరికి అవే పొయ్యినాయి. ఆ తర్వాత ఏమైందో..."

"డ్రైవరన్నా," అంది అంకాలమ్మ, గొంతు పెంచకుండా. "టైర్లన్నీ టేకు మింగేసింది గదా."

"ఒక్కటి మిగల్లేదు."

"మరి నువ్వు కూర్చున్నదేంది?"

జయరామయ్య కిందికి చూసుకున్నాడు. టైరు. పక్కన ముల్లు దిగిన చీలిక, అందరికీ కనపడేట్టు. ముత్యాలయ్య ముందు నవ్వాడు, తర్వాత అందరూ నవ్వారు, మాలకొండయ్య ఇసకలో వెనక్కి పడ్డాడు.

"ఆ పొద్దు మీ బండి ఇసకలో దిగబడితే పెద్దవల తాడేసి లాగిన మనుషుల్లో నేనుండా," అంది ఆమె. "బండికి గీతన్నా పళ్ళేదు. ఆ మద్రాసాయన వచ్చినాడు, మా ఇంట్లో టెంకాయనీళ్ళు తాగినాడు, ఏమీ రాదని చెప్పి పొయ్యినాడు. బండికి ఒక సొట్ట పెట్టుకోవయ్యా, ముల్లుదెబ్బకే వచ్చిందని చెప్పుకోవచ్చని మావాళ్ళు సుత్తి కూడా తెచ్చిస్తే, వద్దని బండికి అడ్డం నిలబడినావు."

నవ్వు ఆగింది. జయరామయ్య టైరు చీలికలో వేలు పెట్టాడు.

"ఏమీ రాలేదమ్మా," అన్నాడు. "అదే రూలు. బండితో కలిసి దెబ్బతింటేనే దాన్ని లెక్కలోకి తీసుకుంటారు. ఒంటి టైరుకి ఏమీ రాదు."

ఆ మాటతో ఆయన కథ అయిపోయింది. ఇక పని చెప్తారు, పోతారు. "సరే, దేనికొచ్చినారో చెప్పండి. కట్టెలకేనా?"

"చెప్పనిస్తివా?" అన్నాడు ముత్యాలయ్య. "వచ్చిన కాడ్నించీ అదే గదా చెప్పబోతావుండా. అన్నానికి పిలిచేదానికి వచ్చినానన్నా."

జయరామయ్యకి అర్థం కాలేదు.

"పొద్దున తాడు పట్టినావు," అంది అంకాలమ్మ. "వల నిండిన రోజు తాడు పట్టినోళ్ళంతా మా వాకిట్లో తింటారు. ఒకరు రాకపోయినా మిగతావాళ్ళు ఆకులో చెయ్యి పెట్టకూడదు. మా మామ నాటి నుంచీ అంతే. నిన్ను పిల్చుకురమ్మని ఇతన్ని పంపితే ఇతను రాలేదు, ఇతని కోసం ఆయన్ని పంపితే ఆయనా రాలేదు. అక్కడ ముసలోళ్ళు ఆకుల ముందు కూర్చుని నీ పేరే తల్చుకుంటావుండారు, మంచిగా కాదులే."

"నేను మీ వలవాణ్ణి కాదు గదమ్మా. ఒంటోణ్ణి, ఊరికే..."

"ఆ రూలు మద్రాసాయనకి చెప్పుకో. మా వలకి లేదు. తాడు పట్టినోడు ఒంటోడైనా వాటా వాటానే. రెడ్డిగారి డ్రైవరు మా ఇళ్ళల్లో తినడేమోనని ఇన్నాళ్ళూ పిలవలేదు. తినవా?"

జయరామయ్య టైరు మీంచి లేచి నిలబడ్డాడు. షెడ్డు తలుపు వెయ్యడం కూడా మరిచిపోయాడు.

ముత్యాలయ్య టైరుని లేపి వీధి పొడుగునా దొర్లించుకుంటూ వచ్చాడు, అన్న దీని మీద తప్ప కూర్చోడు గదా అని.

అంకాలమ్మ వాకిట్లో మనుషులు ఆకుల ముందు రెండు వరసల్లో ఉన్నారు. జయరామయ్యని చూసి, అప్పటికే ఎవరి నోటో కథ విన్న ఒక ముసలాయన, "వచ్చినావా నాయనా, మేమింక టేకునే పిలుద్దామనుకుంటా ఉండాం" అన్నాడు. పులుసు కుండ ఇసకలో ఒక పక్కకి ఒరిగి ఉంది. కుండ కింద పెట్టే కుదురు ఎవరి ఇంటికి పోయిందో కనపడలేదు. అంకాలమ్మ అటూ ఇటూ చూసి, ముత్యాలయ్య చేతిలోంచి టైరు తీసుకుని పడుకోబెట్టి, కుండని దాని మధ్యలో దించింది. సరిగ్గా సరిపోయింది. పులుసు చల్లారి చాలాసేపయింది కాబట్టి రబ్బరుకి వచ్చిన భయమేమీ లేదు.

జయరామయ్య వరసలో ఖాళీ ఉన్న ఆకు ముందు, ఇసకలో కూర్చున్నాడు. ఇటు ముత్యాలయ్య, అటు మాలకొండయ్య. ఆకులో గుప్పెడు కాదు, గుట్టగా పడింది అన్నం.

"అయితే అన్నా," అన్నాడు ముత్యాలయ్య ముద్ద కలుపుతూ, "ఆ టేకు? ఆ తర్వాత ఏమైంది?"

తాడు ఒరుసుకున్న చేతికి పులుసు చురుక్కుమంది. జయరామయ్య తల ఎత్తలేదు.

"తిననీరా ముందు," అన్నాడు.