ఉడుత చుట్టాలు

హలో… ఆ, నేనే, జోఫ్కాని. లుద్విక్ భార్యని. మీరెవరు…

ఓహో, డాక్టర్ నీవెస్ గారా. ల్యుబ్ల్యానా యూనివర్సిటీ నుంచి. గొంతు పోల్చుకోలేదండీ. మీరెప్పుడూ ఆయన సెల్లుకే కదా చేస్తారు. ఇంటి ఫోనుకి చేయడం ఇదే మొదలు…

లేడు. కట్టెలకని పొద్దున వెళ్ళాడు, భోజనం వేళ దాటి గంటన్నరయింది, ఇంకా రాలేదు… సెల్లా? ఇదిగో, రొట్టెల బుట్టలో పడి ఉంది. చార్జింగు లేదు. చెప్పండి, వచ్చాక చెప్తాను…

కవరా. నిన్ననే వచ్చింది… ఆ, తెరిచాను… ఆయన పేరు మీదే ఉంది, చూశాను. ముప్పై ఒక్క ఏళ్ళుగా ఈ ఇంటికొచ్చిన ఉత్తరాలన్నీ నేనే తెరుస్తున్నాను. కరెంటు బిల్లు తెరిస్తే ఆయనెప్పుడూ ఏమీ అనలేదు…

బాగుంది ఫోటో.

బాగుందన్నాను కదా…

కోపమా? నాకెందుకండీ కోపం. ఉల్లిపాయలు తరుగుతున్నా, అందుకే గొంతు అలా ఉంది.

నవ్వుతున్నాడు ఫోటోలో. పళ్ళన్నీ కనిపించేలా. పెళ్ళి ఫోటోలో కూడా అంత నవ్వలేదు మా ఆయన. అప్పుడు బూట్లు బిగుతుగా ఉన్నాయన్నాడు. మీ పక్కన కూర్చుంటే మరి బూట్లు వదులైనట్టున్నాయి…

అబ్బే, సరదాకే అంటున్నాను. మీరూ నవ్వండి.

ఫోటో వెనక రాశారు కదా… ఏం రాశారో మీకు గుర్తుందో లేదో, నాకు మాత్రం కంఠతా వచ్చేసింది. ‘ఈ కొండల్లోకెల్లా గొప్ప స్క్యూరోమార్ఫ్ పండితుడికి, ప్రేమతో, నీవెస్.’ ప్రేమతో…

అందరికీ అలాగే రాస్తారా. మంచిది. కరెంటాఫీసు వాళ్ళకి కూడా రాస్తారా…

సరే సరే. ప్రేమ సంగతి వదిలేద్దాం. నాకు ఆ రెండో మాట కావాలి. స్క్యూరోమార్ఫ్. మూడు నెలలుగా ఆ మాట మా ఇంట్లో మూడో మనిషిలా తిరుగుతోంది. మాతోనే తింటోంది, మాతోనే పడుకుంటోంది…

మీకు తెలీదు కదా, చెప్తాను వినండి. మా లుద్విక్ బల్ల దగ్గర కూర్చుంటే మూడు మాటలే. ఉప్పు, రొట్టె, చాలు. అలాంటి మనిషి మొన్న జూలైలో గోధుమగంజి తింటూ చెంచా కింద పెట్టి, ‘జోఫ్కా, పోల్హ్‌ని ఇక ఎలుక అనకు’ అన్నాడు. నేను చుట్టూ చూశాను, ఇంకెవరైనా వచ్చారా, వాళ్ళ ముందు మాట్లాడుతున్నాడా అని. ఎవరూ లేరు. నాతోనే. ‘అది స్క్యూరోమార్ఫ్, ఉడుత రూపం జంతువు. గ్రీకువాళ్ళ మాట. ఉడుతంటే వాళ్ళకి తన తోక నీడన తను కూర్చునేదని’ అన్నాడు. ఏడాదిలో ఏడు నెలలు నిద్రపోయే ఆ బూడిదరంగు బొద్దు జీవానికి గ్రీకు పేరా. నాకు సంబరమేసింది, చెప్పొద్దూ. ఎన్నాళ్ళకి నాతో మాట్లాడాడు అని. తర్వాత తెలిసింది, నాతో కాదు, మీ పాఠం అప్పజెప్పుకుంటున్నాడని…

మీ తప్పని నేనన్నానా.

ఒక సందేహం ఉంది, మీరే తీర్చాలి. చెప్పి మరీ ఫోను పెట్టండి. ఈ మాట దేన్ని బట్టి వాడతారు? ఏ జంతువుని ఉడుత రూపం అనాలి, ఏ జంతువుని అనకూడదు?…

ఊ… ఊ… దవడ కండ. ఒక పాయ కంటి ముందు నుంచి ముట్టె మీదకి ఎక్కుతుంది… ఆ, ఎముక మీద పలకలా చదునుగా ఉంటుంది, అక్కడ అతుక్కుని. ఉడుతకి అలా ఉంటుంది. అందుకే కాయల్ని అలా కొరుకుతుంది. పాతకాలం పండితులు ఆ దవడ చూసి పెట్టిన పేరు. అర్థమైంది…

మరి పోల్హ్‌కి?

…

ఉండదు కదా.

ఉండదు! ఒక్కసారి మళ్ళీ అనండి… ఉండదు. పోల్హ్ దవడ ఎలుక దవడకే దగ్గర. సరిగ్గా అదే చెప్పాను నేను. మొదటిరోజే, ఆ గంజి దగ్గరే. ఈ చేతుల్తో ఎన్ని తలలు ఒలిచాననుకున్నారు డాక్టరుగారూ? ఈ ఊళ్ళో మగాళ్ళ నెత్తి మీదున్న పోల్హ్ తోళ్ళ టోపీల్లో సగం నేను కుట్టినవే. ఒక్కో టోపీకి ముప్పై తోళ్ళు. ఉడుతల్నీ ఒలిచాను. ఉడుత ముట్టె దగ్గర కత్తి ఎక్కడ ఆగుతుందో, పోల్హ్‌కి ఎక్కడ ఆగుతుందో కళ్ళు మూసుకుని చెప్తాను. దవడ వేరు లుద్విక్, అన్నాను. ‘నీకేం తెలుసు, డాక్టరు చెప్పింది’ అన్నాడు…

మీరలా చెప్పలేదా? మరి ఏం చెప్పారు…

ఊ… రక్తం. ఈమధ్య జంతువుల రక్తసంబంధం పరీక్షలు చేశారు… అందులో తేలింది, పోల్హ్ పోలిక ఎలుకదైనా పుట్టుక ఉడుతల వైపుదని… అందుకని వంశం లెక్కన ఇప్పుడు స్క్యూరోమార్ఫ్‌లలో కలిపారు. దవడ లెక్కన చూస్తే కాదు. ఏ లెక్కన అంటున్నామో చెప్పి మరీ ఆ మాట వాడాలి… బాగుంది. చాలా బాగుంది. మరి మా ఆయన సారాయి కొట్లో తోటి వేటగాడు మతెవ్జ్‌తో బల్ల గుద్ది వాదించాడు. దవడ వల్లే అది స్క్యూరోమార్ఫ్ అని. పందెం కూడా కాశాడు. మీరు పక్కనే ఉన్నారట కదా. తప్పని మీకు తెలుసు. ఎందుకు సరిచేయలేదు…

సంతోషంగా ఉన్నాడని. పోనీలే అనిపించిందని.

…

చూశారా, అదీ తేడా. నేనైతే అక్కడే సరిచేసేదాన్ని. ఆయన్ని సంతోషంగా ఉంచడం మీకు సులువమ్మా, పోల్హ్‌ల లెక్క రాసుకోడానికి గురువారం గురువారం వచ్చిపోతారు.

ఏంటి? పుర్రెలా? ఉన్నాయి. అటక మీద పెట్టెడు ఉన్నాయి, పోల్హ్‌వీ ఉడుతవీ. ఏ ఏడాదివో చీటీలు కూడా కట్టాను… ఎందుకో నాకే తెలీదు. పారేయబుద్ధి కాలేదు… మీకు చూడాలనుందా. ఉంటుంది. గొంతులోనే తెలుస్తోంది…

చూపించను.

నవ్వకండి, నిజంగానే అంటున్నా. ఒకళ్ళ దగ్గర ఉన్నది ఇంకొకళ్ళు చూడాలనుకోవడం ఎలా ఉంటుందో మీకూ కాస్త తెలియాలి.

ఎందుకంటే… ఎందుకంటే ఆ ఫోటోలో బిలం ఉంది కదా.

ఏ బిలమేంటి. మీ ఇద్దరి మోకాళ్ళ ముందు, నాచు రాళ్ళ మధ్య, నోరు తెరుచుకుని ఉన్నది. పోల్హ్‌లు శీతాకాలం దిగిపోయే బిలం. అది మా మామగారి బిలం కదా?… ఆయనే చెప్పాడా మీకు. ఆయన నోటితోనే. ఊ.

డాక్టరుగారూ, అదెలా ఉంటుందో నేను మొదటిసారి నిన్న చూశాను. కాగితం మీద.

…



అవును. ముప్పై ఒక్క ఏళ్ళు. ఒక్కసారి కూడా చూడలేదు. అక్టోబరు వచ్చిందంటే నడుముకి బోనులు కట్టుకుని సాయంత్రం వెళ్తాడు, తెల్లారి వస్తాడు. సంచీ నా ముందు బోర్లిస్తాడు. నేను ఒలుస్తాను, కొవ్వు కరిగిస్తాను, తోలు సాగదీస్తాను, కూర వండుతాను. అది ఎక్కణ్ణుంచి వచ్చిందో మాత్రం నాకు తెలియకూడదు. ఎటు వెళ్తున్నాడో నేను చూడకుండా రోజుకో దారిన వెళ్తాడు. ఒక ఏడాది మంచు పడితే అడుగుజాడలు తెలుస్తాయని వెనక్కి నడుచుకుంటూ వచ్చాడు, ఆ మనిషి. నేను కిటికీలోంచి చూసి పడీ పడీ నవ్వాను. ఆ రోజు నవ్వొచ్చింది.

మీరొచ్చింది జూలైలో. సెప్టెంబరుకల్లా చూపించేశాడు.

వేరే ఏ సంబంధం ఉన్నా… వినండి, నన్ను పూర్తి చేయనివ్వండి… మీ ఇద్దరి మధ్య అలాంటిదేం లేదని నాకు తెలుసు. ఆయన మొహం, నడుంనొప్పి, ఆ కొవ్వు మర్దనా వాసన, నాకు తెలీదూ. అలాంటిదే అయితే చీపురుతో సరిపోయేది. ఇది చీపురుతో పోదు…

కారణమా? ఏం చెప్పాడు మీకు…

మా పుట్టింటి వాళ్ళు. ఆ. కొండ అవతలి ఊరు, మాదీ వేటగాళ్ళ ఇల్లే. మా అన్న బ్లాజ్‌కి తెలిసిపోతుందని, ఒకసారి మా ఊరివాళ్ళు వీళ్ళ బిలం ఒకటి ఖాళీ చేసేశారని. అందుకే ఈ ఇంటికి ఆ ఊరినుంచి వచ్చిన కోడలికి చూపించనని వాళ్ళ నాన్నకి మాటిచ్చాడు. నాన్న మంచం పక్కన మోకరించి. ఇదంతా చెప్పాడా. మోకరించడం కూడా?… నాకు ఆ ముక్క చెప్పలేదు. మాటిచ్చానన్నాడు, అంతే.

మీకైతే వేటాడే అన్నదమ్ములు లేరు, కాబట్టి ఫర్వాలేదన్నమాట.

డాక్టరుగారూ, మా అన్న బ్లాజ్ పోయి పదకొండేళ్ళయింది.

…

ఆ. పదకొండేళ్ళు. పిల్లల్లేరు. వదిన కోపర్‌కి వెళ్ళిపోయింది, చేపల కొట్లో పని చేస్తోంది. ఆ ఇంటికి తాళం. నేను చెప్పాలనుకున్నా వినేవాడు ఎవడున్నాడు?

మా ఆయన చెడ్డవాడు కాదు, మీరు వెనకేసుకు రానక్కర్లేదు. ఆయనకి తట్టలేదు, అంతే. బ్లాజ్ పోయిన రోజు శవపేటిక మోసిన నలుగురిలో ఈయనొకడు. దింపి వచ్చి చేతులు కడుక్కున్నాడు. ఇక నా భార్యకి చూపించొచ్చు అని ఆ రోజు తట్టలేదు, ఆ తర్వాత పదకొండేళ్ళూ తట్టలేదు. ఎలుకలా ఉందని ఇన్నాళ్ళూ పక్కన పెట్టిన పోల్హ్‌ని రక్తం చూసి చుట్టాల్లో కలుపుకున్నారు మీవాళ్ళు. నాకు రక్తం కూడా అడ్డే అయింది. ఎటు చూసినా నేను అవతలి ఊరిదాన్నే…

ఏడవడం లేదండీ. ఉల్లిపాయలన్నాను కదా.

మీరు తీసుకెళ్తారా? నన్నా?… ఏ రోజు కావాలంటే ఆ రోజు… మీ కారులోనా.

వద్దు… వద్దండీ, మీ మంచితనం మంచిదే. నా మొగుడి బిలం నాకు మీరు చూపించడమేంటి. అంతకంటే ఆ ఫోటోయే నయం.

మీరు క్షమించమనడం దేనికి. మీకు చూపించారు, చూశారు. నేనైనా చూసేదాన్ని.

వచ్చే వారం శుక్రవారమా? ఏం శుక్రవారం… మీ కాలేజీ పిల్లల ముందు మాట్లాడాలా. లుద్విక్? వేదిక ఎక్కి?… ఎక్కుతాడేమో, మీరడిగితే. దవడ సంగతి మాత్రం ముందే సరిచేయండి, పిల్లలు నవ్వుతారు. ఆయన్ని చూసి బయటివాళ్ళు నవ్వితే నాకు…

ఒక్క నిమిషం. తలుపు చప్పుడైంది. ఉండండి, పెట్టేయకండి.

లుద్విక్, బూట్లు విప్పకు… విప్పకన్నాను. అలాగే ఉండు… ఎవరా? మీ డాక్టరుగారు. లైన్లోనే ఉంది… ఇవ్వను. ముందు బల్ల మీదున్నది చూడు.

చూశావా?

ఊ. ఇప్పుడు చెప్పు… నేల వైపు కాదు, నా వైపు చూసి… తెలుసు, మాటిచ్చావు, మోకరించావు, అంతా ఇప్పుడే విన్నాను, ఫోన్లో, వేరే ఆడమనిషి దగ్గర. ఆ మాట దేనికిచ్చావు? బ్లాజ్‌కి తెలియకూడదని. బ్లాజ్ ఎక్కడున్నాడు ఇప్పుడు?… ఎక్కడున్నాడో నోటితో చెప్పు… ఆ. ప్రతి నవంబరు ఒకటిన నాతో వచ్చి సమాధి మీద దీపం పెట్టేది నువ్వే కదా.

ఏంటి… ఏమన్నావు?

…

డాక్టరుగారూ, విన్నారా. నేనెప్పుడూ అడగలేదట.

…

అడగలేదు. నిజమే.

మా అమ్మ చెప్పి పంపింది, పెళ్ళిబండి ఎక్కేముందు. వేటగాడి ఇంటికి వెళ్తున్నావు, ఏదైనా అడుగు, బిలం మాత్రం అడక్కు, చూపిస్తే ఆయనే చూపిస్తాడు అంది. నేను చూపిస్తాడని కూర్చున్నాను. ఆయన అడుగుతుందని కూర్చున్నాడు. ముప్పై ఒక్క ఏళ్ళు…

లుద్విక్, అడుగుతున్నాను. నన్ను తీసుకెళ్ళు.

ఇప్పుడే… దూరమైతే ఏం, నాకూ కాళ్ళున్నాయి… పులుసు ఎక్కడికీ పోదు, పొయ్యి ఆర్పేశాను… ఆ, ఆ పాత కోటే వేసుకుంటాను. నువ్వు మొహం కడుక్కురా. ఏడ్చినట్టుంది చూడు ఎలా ఉందో.

హలో… ఆ, ఉన్నాను. శుక్రవారం సంగతి రేపు చెప్తాడు. ఆ, మాట్లాడతాడు లెండి, పిల్లలతో.

ఇంకోటి. ఇవాళ గురువారం కదా, సాయంత్రం మీరు బోనులు చూసుకోడానికి వస్తారట, ఆయనంటున్నాడు… రావద్దు.

లేదు, జంతువులకేమీ కాదు. చెవికి మీరు పెట్టిన బిళ్ళ ఉంటే నంబరు రాసి వదిలేస్తాం, అంతే కదా. నా చేతిలో ఒక్కటి కూడా గిలగిల్లాడదు, ఇన్నేళ్ళ చేతులివి… వచ్చే గురువారం రండి. ఆ తర్వాతా రండి, మీ పని మీరు చేసుకోండి, నేనేమీ అనను.

ఇవాళ మాత్రం రాకండమ్మా. ఇవాళ అది మా ఇద్దరిదే… ఆ. ఉంచుతున్నాను.