జాకెట్ ముక్క లేని చీర

"గీ చీర నాకొద్దన్నా. పా, మార్పిచ్చుకొద్దాం."

"మల్ల మొదలువెట్టినవా? మొన్న సంచిలకెల్లి తీయంగనే ఎగిరి గంతేసినవ్. ఇయ్యాల ఏమొచ్చింది?"

"మొన్న మడత మీద చూసిన. ఇయ్యాల కట్టుకొని చూస్తున్న."

విమానాశ్రయం పక్కనున్న సాతంరాయిలో ఆ ఇంటి ముందు పందిరి వేస్తున్నారు. ఎల్లుండి పొద్దున్నే రేఖ పెళ్ళి. పట్టుచీర తెచ్చిచ్చినవాడు అన్న ఉపేందర్. విమానాశ్రయానికి కిరాయి కారు తోలుతాడు. ఏం చేసినా చేస్తాడు గానీ నోట్లో మాట మాత్రం దాచుకోలేడని రేఖ నమ్మకం. ఆ నమ్మకంతోనే అద్దం ముందు నిలబడి నిలదీస్తోంది.

"కట్టుకుంటే ఏమైందే? లక్ష్మీదేవి తీరుగున్నవ్."

"మాట మార్చకు. దుకాణం ఏడుంది?"

"మదీనా కాడ."

"మదీనా కాడ ఏ దుకాణం?"

"ఉంటయి కదనే, వరుసగ... పేరు యాదికి లేదు."

"బిల్లు?"

"ఏమన్నవ్?"

"బిల్లన్నా, బిల్లు!"

"విమానం మోతల ఇనబడలే. కార్లనే ఏడనో పడ్డది. అయినా ఇగ ఇప్పుడు మారుస్తనంటే ఎట్ల? మీ అత్తగారోళ్ళు ఫొటో చూసిన్రు, మెచ్చుకున్నరు. అమ్మ ఊరంత చెప్పుకున్నది, నా కొడుకు తెచ్చిండని."

"మెచ్చుకుంటే మెచ్చుకోని. గీ ఫాల్ ఎవలు కుట్టిన్రు?"

"దుకాణపోళ్ళే కుట్టిచ్చిన్రు. ఆఫర్."

"జాకెట్ ముక్క ఏది?"

"అండ్లనే ఉంటదంట కదా."

"ఉంటది. కొస కాడ ఉంటది. గీడ చూడు, కత్తిరిచ్చి అంచు కుట్టేసిన్రు. పక్కింటి మంజులక్క మగ్గం జాకెట్ వేరే కుట్టిచ్చింది కాబట్టి ఇప్పటిదాంక ఎవ్వలు చూడలే. కొత్త చీరల జాకెట్ ముక్క ఎట్ల మాయమైతదన్నా? భుజం కాడ పిన్నుల బొక్కలు. వాసన చూడు, మందుల వాసన."

"నాకేం వస్తలేదు."

"గడపల నిలబడితే ఏమొస్తది? దగ్గరికి రా."

"పందిరోళ్ళు పిలుస్తున్రు."

"ఎవ్వలు పిలుస్తలేరు. రా అన్నా. ఎందుకు రావు? మొన్న గూడ సంచితోనే మంచం మీద పెట్టినవ్. నువ్వు గీ చీరను ఒక్కపారి గూడ చేత్తోని ముట్టలే."

"పిచ్చి లేసిందా నీకు? ఆడోళ్ళ చీర నేనెందుకు ముడుత?"

"నాకు బుగులైతుంది. నీ ఫోన్ మోగుతుంది."

"మోగని."

"ఎవలు?"

"గిరాకీ."

"గిరాకైతే ఎత్తవా? పొద్దటి సంది మోగుతనే ఉన్నది. నిన్న గూడ గంతే. అమ్మ మీద ఒట్టేసి చెప్పు, గీ చీర కొన్నవా?"

"అమ్మ మీద ఎందుకే..."

"కొన్నవా అన్నా!"

"మెల్లగ, అమ్మ ఇంటది. లేదు. కొనలే. నీకు పట్టుచీర తెస్తనని నలుగురి ముంగట మాటిచ్చిన. గదే టైంల ఇంజన్ ఖరాబైంది, చేతిల ఏం మిగల్లే. ఒకామెను ఎయిర్‌పోర్టుల దించిన. వెనక సీట్ల సంచి మర్చిపోయి పోయింది. గంతే."

"గంతేనా! ఛీ, నాకు సిగ్గయితుంది. ఎవలో ఏడ్సుకుంట దేవులాడుకునే చీర కట్టుకొని నేను పెండ్లి చేసుకోవాల్నా?"

"ఎవ్వలు దేవులాడుతలేరు."

"మరి ఫోన్ చేసేదెవలు? గామెనేనా? ఫోన్ ఎందుకు దాస్తున్నవ్? గామెనే! పాపం, ఎంత పరేషాన్ల ఉన్నదో. ఇటియ్యి, నేను మాట్లాడుత."

"వద్దు రేఖా. నేనే మాట్లాడుత, రేపు. ఇడువు... ఫోన్ ఇటియ్యే!"

"హలో! అమ్మా, నేను డ్రైవర్ చెల్లెను మాట్లాడుతున్న."

స్పీకర్‌లో ఒక పెద్దావిడ గొంతు వినిపించింది. ఇక్కడి మాట కాదు, కోస్తావైపు మాట.

"హమ్మయ్య, ఎత్తారా! ఎన్నిసార్లు చేశానమ్మా. ఆ అబ్బాయి ఎత్తడమే లేదు. ఒక్క ముక్క చెప్తే నా మనసు కుదుటపడుతుందని..."

"తప్పయిందమ్మా. కడుపుల పెట్టుకోన్రి. మీ సంచి మా తాననే ఉన్నది. అన్న ఇయ్యాలనే పంపిస్తడు. చీరకు ఏం కాలే, మంచిగనే ఉన్నది."

"ఉందా? ఇంకా ఉందా?"

"ఉన్నదమ్మా. ఎల్లుండి నా పెండ్లి... తెల్వక జర కట్టుకున్న. ఇప్పుడే ఇడిచేస్త."

"కట్టుకున్నావా! అయ్యో తల్లీ! విప్పెయ్యి, ముందు విప్పెయ్యి."

"రేఖా, ఫోన్ పెట్టెయ్యమంటున్న! నీ కాళ్ళు మొక్కుత!"

"నువ్వు ఊకో అన్నా. అమ్మా, దొంగతనం అనుకోకున్రి. మీరు కార్ల మర్చిపోయిన్రు, అన్నకు ఆశ పుట్టింది. గంతే, ఇంకేం లేదు."

"మర్చిపోవడమా? మా పాప పెళ్ళిరోజే కుప్పకూలిపోతే, ఆస్పత్రిలో శవం మీంచి తీసిచ్చిన చీరమ్మా అది. ఇంటికి తీసుకెళ్ళలేక, అంతా చెప్పి, కాల్చెయ్యమని మీ అన్నయ్య చేతిలోనే పెట్టాను."